కొట్టేశాక మిగిలేది: బీజీయ భిన్నాల భాగహారంపై ఒక సమీక్ష

రావులపాలెం అరటి మార్కెట్‌లో గెల లెక్కన సరుకు కొన్న వ్యాపారి దాన్ని దూరపు ఊళ్లో కిలోల లెక్కన అమ్మాలంటే ముందు ఒక చిన్న లెక్క వేసుకోక తప్పదు. గెల ఖరీదు 300 రూపాయలు, తూకం సగటున 15 కిలోలు అనుకుందాం. ‘గెలకు ఇన్ని రూపాయలు’ అన్నదాన్ని ‘గెలకు ఇన్ని కిలోలు’ అన్నదానితో భాగిస్తే, రెండింటి కిందా ఉన్న గెల తప్పుకుంటుంది. కిలో 20 రూపాయలు అని తేలుతుంది. బడిలో బీజీయ భిన్నాల భాగహారం అని పేరు పెట్టి నేర్పేది ఇదే. అక్కడ గెల బదులు ఒక అక్షరం ఉంటుంది, ఆ అక్షరం నెత్తిన ఒక ఘాతాంకం ఉంటుంది.

లారీ దగ్గర తడుముకోకుండా సాగే ఈ లెక్క నోటుపుస్తకంలోకి రాగానే చిక్కుముడి అవుతుంది. విద్యార్థులు మాత్రమే దీంతో తంటాలు పడుతున్నారనుకుంటే పొరపాటు. దీన్ని ఎలా నేర్పాలి, జవాబు ఏ రూపంలో ఉండాలి, కొట్టివేతలో పోయినదాన్ని లెక్కలో చూపాలా వద్దా అని గణిత బోధకుల మధ్య చాలాకాలంగా వాదులాట ఉంది. పద్ధతి గురించిన తగవు అన్నిటికన్నా గట్టిగా వినిపిస్తుంది, కానీ అందులో పస తక్కువ. అసలు తేలని ప్రశ్న మూడోది.

చరరాశుల పేర్ల గురించి ఒక మాట. మన పాఠ్యపుస్తకాలు ఇంగ్లిషు అక్షరాలు వాడతాయి. ఈ వ్యాసంలో యా, కా, నీ అని రాస్తున్నాను. ఇవి కొత్తగా కల్పించినవి కావు. భాస్కరాచార్యుడు తెలియని రాశులకు యావత్తావత్తు, కాలకం, నీలకం అని పేర్లు పెట్టి, వాటి మొదటి అక్షరాలనే గుర్తులుగా వాడాడు. రెండో రాశి నుంచీ అన్నీ రంగుల పేర్లే.

రాజమహేంద్రవరం దాకా వచ్చిన సూత్రం

భిన్నాన్ని భిన్నంతో భాగించాలంటే భాజకాన్ని తలకిందులు చేసి గుణించమనే సూత్రం మన దగ్గర చాలా పాతది. క్రీ.శ. 628లో బ్రహ్మగుప్తుడు బ్రహ్మస్ఫుట సిద్ధాంతంలో దీన్ని చెప్పాడు. 850 ప్రాంతంలో రాష్ట్రకూట అమోఘవర్షుని కాలంలో మహావీరాచార్యుడు గణితసార సంగ్రహంలో మళ్లీ చెప్పాడు. మహావీరుడు భిన్నాలకు ‘కలాసవర్ణం’ పేరుతో ఒక అధ్యాయమే కేటాయించి, వాటిని ఆరు జాతులుగా విడదీశాడు. వాటిలో ‘భాగభాగం’ అంటే కింద కూడా భిన్నమే ఉన్న భిన్నం, నేటి విద్యార్థి భయపడే రెండంతస్తుల గీతల లెక్క. హారాల క.సా.గు.కు ఆయన పెట్టిన పేరు నిరుద్ధం.

ఈ గ్రంథాన్ని తెలుగులోకి తెచ్చినవాడు పావులూరి మల్లన. ఆయన సారసంగ్రహ గణితం తెలుగులో మనకు తెలిసిన తొలి శాస్త్ర గ్రంథాల్లో ఒకటి. మల్లన రాజమహేంద్రవరం ఏలిన రాజరాజనరేంద్రుడి కాలపువాడని, పిఠాపురం దగ్గరి నవఖండవాడ అగ్రహారం ఆ రాజు ఇచ్చిందేనని ఒక వాదం. అగ్రహారం అందుకున్నది తాత మల్లన, గ్రంథం రాసింది అదే పేరున్న మనవడు అని ఇంకో వాదం. ఎవరి మాట నిజమైనా గౌతమి, వసిష్ఠ పాయల నడుమ ఉన్న రావులపాలేనికి ఈ లెక్క పరాయిది కాదు. పొరుగు రాజధానిలో నన్నయ భారతం తెనిగిస్తున్న కాలానికి, లేదా ఆ తర్వాతి ఒకటి రెండు తరాలకు, భిన్నాల భాగహారం తెలుగు పద్యంలోకి వచ్చేసింది.

ఉమ్మడి హారం పద్ధతికీ అంతే పాత వంశం ఉంది. చైనాలో ‘తొమ్మిది అధ్యాయాలు’ అనే గణిత గ్రంథం రెండు భిన్నాలనూ ఒకే హారానికి తెచ్చి, పైవాటిని మాత్రం భాగించమంటుంది. క్రీ.శ. 263లో దానికి వ్యాఖ్య రాసిన లియూ హుయ్ తలకిందులు చేయడం గురించీ ప్రస్తావించాడు. ఈ రెండు పద్ధతుల్లో ఏది పాతది, ఏది ఆధునికం అనే వాదనకు ఇక్కడే కాళ్లు విరుగుతాయి.

పావు, వీసం, కాని

ఘాతాంకాల కథ వేరే దారిలో నడిచింది. రుణ ఘాతాంకం అనగానే పడమటి సరుకు అనిపిస్తుంది గానీ, తెలుగు కరణాల పద్దుల్లో అది వేరే వేషంలో ఉండేది. పదహారు, నాలుగు, ఒకటి, పావు, వీసం, కాని అని వరసగా చెప్పుకుంటూ పోతే ప్రతి మెట్టులోనూ నాలుగుతో భాగిస్తున్నాం. వీసం పదహారో వంతు, కాని అరవైనాలుగో వంతు. అదే వరసను నేటి గుర్తుల్లో రాస్తే 4², 4¹, 4⁰, 4⁻¹, 4⁻², 4⁻³. మధ్యలో ఉన్న ఒకటికి సున్నా ఘాతం ఎందుకు వచ్చిందో విడిగా వివరించనక్కర్లేదు, మెట్లు దిగుతుంటే అదే తగులుతుంది. ఈ వంతులు రాయడానికి తెలుగు లిపిలో ప్రత్యేక అంకెలుండేవి. నాలుగు యొక్క బేసి ఘాతాలకు ఒక వరస, సరి ఘాతాలకు ఇంకో వరస. 2008లో యూనికోడ్ 5.1 వీటికి స్థానం కల్పించింది. సున్నా ఘాతం విలువ ఒకటి ఎందుకైందని ఎనిమిదో తరగతిలో తలగోక్కునే పిల్లలకు ఈ వరస చూపించే పుస్తకం ఉంటే ఎంత బాగుండును.

మిగతా ప్రపంచంలో ఇది తెమలడానికి అయిదు వందల ఏళ్లు పట్టింది. 12వ శతాబ్దంలో బాగ్దాద్ గణితవేత్త అల్-సమవాల్ ఒకటిని మధ్యలో పెట్టి అటు ఘాతాలను, ఇటు వాటి వ్యుత్క్రమాలను పట్టికగా పేర్చి, గుణించడమంటే పట్టికలో జరగడమేనని చూపాడు. ఫ్రాన్సులో షూకే 1484లో సున్నా ఘాతాన్నీ రుణ ఘాతాన్నీ రాతలో పెట్టాడు. జర్మనీలో స్టిఫెల్ 1544లో ఒకటి, సగం, పావు, అరపావు అంటూ దిగే వరస మీద 0, −1, −2, −3 వేశాడు. అంకెను నెత్తిన చిన్నగా రాసే నేటి అలవాటు 1637లో డెకార్టెతో స్థిరపడింది. అయినా వర్గం వచ్చినప్పుడు ఆయన తరచు అక్షరాన్నే రెండుసార్లు పక్కపక్కన రాసుకునేవాడు. రుణ, భిన్న ఘాతాంకాలకు వాలిస్ 1656లో అర్థం కట్టాడు, న్యూటన్ 1676 నాటి ఉత్తరాల్లో వాటిని ధారాళంగా వాడాడు.

చరిత్రలో ఇంత ఎడంగా పుట్టిన రెండు విషయాలను, భిన్నాల భాగహారాన్నీ ఘాత న్యాయాలనూ, విద్యార్థి ఒకే లెక్కలో ఒకేసారి ఎదుర్కొంటాడు. తడబాటుకు సగం కారణం ఇదే అనుకోవచ్చు.

మూడు దారులు, ఒకే జవాబు

ఒక లెక్క తీసుకుందాం:

(6యా³కా² / 5నీ) ÷ (9యాకా⁵ / 10నీ³)

మొదటి పక్షం వాళ్లు రెండో భిన్నాన్ని తలకిందులు చేసి గుణిస్తారు. అంకెలు 60 బై 45, అంటే 4 బై 3. యా ఘాతం 3 నుంచి 1 తీస్తే 2, కా ఘాతం 2 నుంచి 5 తీస్తే −3, నీ ఘాతం 3 నుంచి 1 తీస్తే 2. జవాబు 4యా²నీ² / 3కా³.

రెండో పక్షం వాళ్లు రెండింటికీ 10నీ³ అనే ఉమ్మడి హారం తెస్తారు. మొదటి భిన్నం పైన 12యా³కా²నీ² అవుతుంది, రెండోదానిపైన 9యాకా⁵ అలాగే ఉంటుంది. హారాలు ఒకటే కాబట్టి పైదాన్ని పైదానితో భాగిస్తే అదే జవాబు. రావులపాలెం వ్యాపారి చేసిందీ ఇదే. రెండు చోట్లా కింద గెలే ఉంది గనక గెలను పక్కన పెట్టి రూపాయల్ని కిలోలతో భాగించాడు.

మూడో పక్షం వాళ్లు లవాన్ని లవంతో, హారాన్ని హారంతో నేరుగా భాగిస్తారు. పైన 2యా²/3కా³, కింద 1/2నీ². రెండో మెట్టులో మళ్లీ అదే జవాబు. అంకెలతో మాత్రమే పనిచేసే రోజుల్లో ఈ దారి చికాకు, ఎందుకంటే నిశ్శేషంగా భాగించబడనివే ఎక్కువ. ఘాతాంకాలు వచ్చాక దీని చికాకు బాగా తగ్గుతుంది, రుణ ఘాతాంకం ఉంది కాబట్టి అక్షరాల దగ్గర ఎక్కడా ఆగనక్కర్లేదు.

మొదటిది వేగం, పరీక్షకు నమ్మకం. దాని లోపం ఎందుకు తిప్పుతున్నామో చెప్పకపోవడం. రెండోది ఎందుకో చెబుతుంది, కానీ బహుపదులు వస్తే ఉమ్మడి హారం కట్టేసరికి కాగితం నిండిపోతుంది. మూడోది గుణకారానికీ భాగహారానికీ ఒకే పోలిక చూపుతుంది, అయితే ఘాత న్యాయాలు ముందే వంటబట్టి ఉండాలి. మధ్యేమార్గంగా, మొత్తం లెక్కను ఒకే పెద్ద భిన్నంగా రాసి, పైనా కిందా భాజకపు వ్యుత్క్రమంతో గుణించి, కింద ఒకటి మిగిల్చేవాళ్లున్నారు. తలకిందులు చేయడానికి నిజమైన రుజువు అదే. ఒకసారి చూపించి, ఆ తర్వాత మొదటి దారిలో నడవనిస్తే ఎవరికీ నష్టం లేదని నా ఉద్దేశం.

ఈ తగవు ఇంత పెద్దది కావడానికి కారణం వేరే ఉంది. 1976లో బ్రిటిష్ విద్యావేత్త రిచర్డ్ స్కెంప్ అర్థం చేసుకోవడాన్ని రెండుగా విడదీశాడు: సూత్రం వాడడం తెలియడం ఒకటి, అది ఎందుకు పనిచేస్తుందో కూడా తెలియడం ఇంకొకటి. 1999లో లిపింగ్ మా తన పుస్తకంలో ఒకటిముప్పావును అరతో భాగించమనే లెక్కను అమెరికా, చైనా ఉపాధ్యాయుల ముందు పెట్టిన సంగతి రాసింది. చైనా ఉపాధ్యాయులు 72 మందీ సరిగ్గా చేశారు. అమెరికాలో లెక్కకు పూనుకున్న 21 మందిలో చివరిదాకా చేసి సరైన జవాబు తెచ్చింది 9 మందే. ఆ లెక్కకు సరిపడే నిత్యజీవిత సందర్భం చెప్పమన్నప్పుడు వాళ్ల తడబాటు ఇంకా పెరిగింది. సూత్రమే గుర్తుపెట్టుకున్నవాళ్లకు చివరికి సూత్రమూ దక్కలేదన్నమాట.

‘కొట్టేయడం’ అనే మాట

తెలుగు తరగతి గదిలో పైనా కిందా ఒకే కారణాంకం ఉంటే ‘కొట్టేయండి’ అంటారు, ‘క్యాన్సిల్’ అంటారు. ‘ఎగిరిపోయింది’ అనేవాళ్లూ ఉన్నారు. పాత సంస్కృత గణితంలో దీని పేరు అపవర్తనం, అంటే పైనా కిందా ఒకే రాశితో భాగించి కుదించడం. మహావీరుడు గుణకారానికి ముందే అడ్డంగా కుదించుకోవడాన్ని వజ్రాపవర్తనం అన్నాడు. అపవర్తనంలో భాగహారం ఉంది. కొట్టేయడంలో గీత మాత్రమే ఉంది. మాట మారడంతో అర్థం జారిపోయిన చోటు ఇది.

ఈ జారుడులోంచే రకరకాల తప్పులు పుడతాయి. పైన యా, కింద యా కొట్టేశాక ‘ఏమీ మిగల్లేదు’ కాబట్టి సున్నా అని రాయడం వీటిలో మొదటిది. భాగించామని గుర్తుంటే ఒకటి మిగులుతుందని తెలుస్తుంది. రెండోది కూడిక గుండా కొట్టేయడం: (యా² + కా²) / (యా + కా) చూసి పైనొకటి కిందొకటి కొట్టి యా + కా అని రాయడం. యాకు 3, కాకు 4 ఇచ్చి చూస్తే అసలు విలువ 25/7, రాసిన జవాబు 7. ఇది కళ్లముందే బయటపడే తప్పు, అయినా అంకెలు వేసి సరిచూసుకునే అలవాటు మన బడుల్లో తక్కువ.

మూడోది మరింత తెలివైన తప్పు. ‘రుణ ఘాతం ఉన్నది గీత దాటితే ధన ఘాతం అవుతుంది’ అని నేర్చుకున్న పిల్లవాడు 1 / (యా⁻¹ + కా⁻¹) చూసి యా + కా అని రాసేస్తాడు. గుణకారంలో ఉన్న కారణాంకాలు గీత దాటగలవు గానీ కూడికలో ఉన్న పదాలు దాటలేవు. సరైన జవాబు యాకా / (యా + కా). పదో తరగతి భౌతికశాస్త్రంలో సమాంతర సంధానంలో ఉన్న రెండు నిరోధాల ఫలిత నిరోధం ఇదే. 2 ఓములవి రెండు కలిపితే 1 ఓమ్ రావాలి, 4 రాకూడదు. ఒకే పిల్లవాడు భౌతికశాస్త్రంలో సరిగ్గా చేసి, గణితంలో తప్పు చేస్తే ఆశ్చర్యపోనక్కర్లేదు. అక్కడ అక్షరాల వెనక ఒక వస్తువు ఉంది.

ఆంధ్రప్రదేశ్‌లో 2020–21 నుంచి వచ్చిన ద్విభాషా పాఠ్యపుస్తకాల్లో ఒక పేజీ తెలుగు, ఎదుటి పేజీ ఇంగ్లిషు. లవం, న్యూమరేటర్ పక్కపక్కనే కనిపిస్తాయి. మంచిదే. కానీ తెలుగు పేజీలో ‘సూక్ష్మీకరించండి’, ఇంగ్లిషు పేజీలో ‘సింప్లిఫై’ అని ఉన్నా, తరగతిలో వినిపించేది ఈ రెండూ కాదు, ‘కొట్టేయండి’ అనే మూడో మాట. తప్పులు ఏ పేజీ మాటలోంచి వస్తున్నాయో చూసేవాళ్లు దాన్ని మరిచిపోకూడదు.

మాయమైన షరతులు

ఇప్పుడు తేలని ప్రశ్నకు వద్దాం.

(యా² − 9)/(యా² + 5యా + 6) ÷ (యా − 3)/(యా + 2)

కారణాంకాలు విడదీస్తే మొదటిది (యా − 3)(యా + 3) బై (యా + 2)(యా + 3). రెండోదాన్ని తిప్పి గుణిస్తే ఉన్నవన్నీ పోయి ఒకటి మిగులుతుంది. కానీ యాకు −2 లేదా −3 ఇస్తే మొదటి భిన్నానికే అర్థం లేదు. 3 ఇస్తే భాజకం సున్నా అవుతుంది. మూడు చోట్ల నిలవని లెక్క అన్ని చోట్లా నిలిచే ‘ఒకటి’ ఎలా అయింది? ఇందాకటి ఏకపదుల లెక్కలోనూ ఇదే మర్మం ఉంది. జవాబు 4యా²నీ²/3కా³ చూసినవాడికి కా సున్నా కాకూడదని మాత్రమే తెలుస్తుంది. యా, నీ కూడా కాకూడదన్న సంగతి జవాబులోంచి జారిపోయింది.

ఒక పక్షం దీన్ని సమస్యే కాదంటుంది. బీజగణితంలో యా ఒక గుర్తు, సంఖ్య కాదు. గుర్తుల భిన్నాలుగా చూస్తే రెండూ ఒకటే, షరతులు రాయడం అనవసరం. ఉన్నత బీజగణితం ఈ చూపు మీదే నిలబడింది. కంప్యూటర్ బీజగణిత సాఫ్ట్‌వేర్లు కూడా (యా² − 1)/(యా − 1) ఇచ్చి సూక్ష్మీకరించమంటే చడీచప్పుడు లేకుండా యా + 1 అని కుదించేస్తాయి. రెండో పక్షం యాను సంఖ్య నిలబడే స్థానంగా చూస్తుంది. వాళ్ల లెక్కలో ఇవి ప్రమేయాలు, ప్రదేశం మారితే ప్రమేయం మారినట్టే. ఇంటర్మీడియట్ మొదటి ఏడాదిలో అవధులు చెప్పేటప్పుడు యా విలువ 3కు చేరువవుతుందే గానీ 3 కాదు, అందుకే (యా − 3)ను కొట్టేయవచ్చు అంటారు. అంటే పదకొండో తరగతిలో రెండో పక్షం గెలుస్తుంది. రెండో ఏడాది పాక్షిక భిన్నాల పాఠానికి వచ్చేసరికి మళ్లీ మొదటి పక్షానిదే రాజ్యం. అక్కడ హారం సున్నా అయ్యే విలువనే ప్రతిక్షేపించి గుణకాలు రాబడతారు, ఎవరూ నోరెత్తరు.

ఈ తగువుకు మన దగ్గర పాత ఛాయ ఉంది. సున్నాతో భాగించడం గురించి మన పూర్వులు ఒక్క మాట మీద లేరు. సున్నాను సున్నాతో భాగిస్తే సున్నా అన్నాడు బ్రహ్మగుప్తుడు. సున్నాతో భాగిస్తే రాశి మారదన్నాడు మహావీరుడు. భాస్కరుడు దానికి ఖహరం అని పేరు పెట్టి అనంతంగా భావించాడు. అంతటితో ఆగక లీలావతిలో ఒక లెక్క ఇచ్చాడు: ఒక రాశిని సున్నాతో గుణించి, దాని సగం దానికే కలిపి, మూడుతో గుణించి, సున్నాతో భాగిస్తే 63 వచ్చింది, ఆ రాశి ఎంత? జవాబు 14. ముందు పని మిగిలి ఉంటే సున్నాతో గుణించినదాన్ని వెంటనే సున్నా చేయకుండా అట్టే పెట్టుకోవాలన్నది ఆయన నియమం. సంఖ్యగా చూస్తే ఇది తప్పు. గుర్తుగా చూస్తే, సున్నా వైపు జారుతున్న రాశిగా చూస్తే, ఇది నేటి అవధుల లెక్కకు దగ్గరగా ఉంది. ఒకే లెక్కలో రెండు పక్షాలూ కనిపిస్తాయి.

బడి వరకు నాకు రెండో పక్షమే సమంజసంగా తోస్తుంది, ఒక చిన్న సవరణతో. షరతు జవాబు పక్కన కాదు, భాజకాన్ని తిప్పకముందే రాయాలి. తిప్పాక 3 అనే ఆంక్ష హారంలో కనిపిస్తుంది, కొట్టేశాక పూర్తిగా కనుమరుగవుతుంది. మొదటి పక్షం అభ్యంతరం తేలిగ్గా కొట్టిపారేయదగ్గది కాదు. ప్రతి లెక్క చివరా ‘సున్నాకు సమానం కాదు’ అని రాయిస్తే అది మరో మంత్రంగా మారుతుంది, అర్థం తెలియకుండా వల్లించేది ఇంకొకటి చేరుతుంది. సున్నాకు సున్నా ఘాతం సంగతీ ఇలాగే వేలాడుతోంది. 1821లో కోషీ దాన్ని అనిర్ధార్య రూపాల్లో చేర్చాడు, 1992లో డొనాల్డ్ క్నూత్ అది ఒకటే కావాలని గట్టిగా వాదించాడు.

గీతలు, గుర్తులు

భాగహార గుర్తు ÷ 1659లో స్విట్జర్లాండ్‌కు చెందిన రాన్ పుస్తకంలో అచ్చయింది. ఘాతాంకాలతో కూడిన లెక్కలో దీని పొత్తు కుదరదు. 6యా ÷ 2యా అంటే కొందరికి 3, ఎడమ నుంచి కుడికి పట్టుగా వెళ్లేవాళ్లకు 3యా². 2019లో 8 ÷ 2(2 + 2) విలువ 16 అని కొందరు, 1 అని కొందరు ప్రపంచమంతా కొట్టుకున్నది ఈ చిక్కు మీదే. కాలిక్యులేటర్లలోనూ రెండు రకాలున్నాయి. పరిక్రియల వరస చెప్పే బాడ్‌మాస్ సూత్రం ఇక్కడ తీర్పు చెప్పలేదు, ఎందుకంటే గుర్తు లేని గుణకారం గుర్తున్న భాగహారం కంటే బిగువైనదా కాదా అన్నది ఆ సూత్రంలోనే లేదు. అడ్డగీత వాడితే, లేదా కుండలీకరణాలు పెడితే, ఈ తగాదా పుట్టదు.

సూక్ష్మ రూపం అంటే ఏమిటన్నది దీనికన్నా కష్టం. 4యా²నీ²/3కా³ సూక్ష్మమా, (4/3)యా²కా⁻³నీ² సూక్ష్మమా? బడి మొదటిదాన్ని కోరుతుంది, రుణ ఘాతాంకాలు మిగలకూడదంటుంది. అవకలనం చేయబోయే ఇంటర్ విద్యార్థికి రెండోదే చేతికి అందుతుంది. (యా + 1)(యా − 2) అని కారణాంకాలుగా వదలాలా, విప్పి రాయాలా? తర్వాత చేయబోయే పనిని బట్టి తేలేదాన్ని పాఠ్యపుస్తకం ముందే శాసించలేదు. అయినా మార్కులు వేసేవాళ్లు శాసిస్తూనే ఉన్నారు.

పాలిసెట్‌లోనూ ఈఏపీసెట్‌లోనూ ఈ లెక్క వస్తే నాలుగు జవాబులుంటాయి. ఇందాకటి బహుపదుల లెక్కకు వాటిలో ఒకటి ‘1’ అని ఉంటుంది. యా విలువ 3 గానీ −2 గానీ −3 గానీ కాకూడదని తెలిసిన విద్యార్థి, తెలియని విద్యార్థి అదే జవాబు ఎంచుకుని తర్వాతి ప్రశ్నకు పోతారు.